నిల్వ ఉంది, పద్దు లేదు

రెండేండ్ల కింద దసరాకు నేను, మా అల్లుడు (అక్క కొడుకు) కలిసి నాలుగు రాత్రులు కూసోని ఒక గ్రీన్‌హౌస్ సంపాదించినం. వారం తిరగకముందే నేనే ఒక్క క్లిక్కుతోని దాన్ని పోగొట్టిన.

గ్రీన్‌హౌస్ అంటే నిజందు కాదు, స్టార్‌డ్యూ వ్యాలీ అనే గేమ్‌లది. ఎరిక్ బరోన్ అనే ఒక్క మనిషి ఏండ్లకేండ్లు కూసోని బొమ్మలు, సంగీతం, కోడ్ అన్నీ తానే చేసి 2016 ఫిబ్రవరిల విడుదల చేసిండు. తాత వదిలిపోయిన పాడుబడ్డ పొలాన్ని బాగు చేసుకునుడే ఆట. ఏడాదికి నాలుగు కాలాలు, కాలానికి 28 రోజులు. గేమ్‌ల ఒక రోజు అంటే మన గడియారంల ఇంచుమించు 14 నిమిషాలు. పొద్దున ఆరింటికి లేస్తవు, రాత్రి రెండు లోపల పండుకోవాలె. పండుకుంటేనే సేవ్ అయితది. నడుమ బంద్ చేస్తే ఆ రోజు చేసిన పనంతా పోయినట్టే. ఊర్ల ఉన్న పాత కమ్యూనిటీ సెంటర్‌కు అడిగిన పంటలన్నీ తెచ్చిస్తే గ్రీన్‌హౌస్ బాగైతది, అండ్ల చలికాలం కూడ పంట తియ్యొచ్చు. లెక్క కట్టుకోండ్రి: ఒక్క కాలం గడవాలంటేనే ఆరున్నర గంటలు కుర్చీల కూసోవాలె. మాది రెండో ఏడు.

అప్పుడు హన్మకొండల మా గల్లీకి నెట్ లేదు. బతుకమ్మకు వచ్చిన డీజే బండి, మీద పేర్చిన స్పీకర్ డబ్బాలతోని, స్తంభాల నడుమ వేలాడే వైరును తెంపుకొని పోయింది. పండుగపూట అతికేటోడు దొరకలే. మేమూ పట్టించుకోలే, ఈ గేమ్‌కు నెట్ అక్కర్లేదు. డెస్క్‌టాప్ మీద ఆడినం, గేమ్‌ల పండుకున్నం, సేవ్ అయింది. ఆదివారం రాత్రి గ్రీన్‌హౌస్ తయారైంది. అల్లుడు కుర్చీ మీద నిలబడి ఈల ఏసిండు.

సోమవారం పొద్దున కాజీపేటల రైలెక్కిన. జనగామ దాటినంక ల్యాప్‌టాప్ తీసిన. అండ్ల ఉన్న పొలం వారం కిందిది, గ్రీన్‌హౌస్ రాకముందుది. ఆ సంగతి నాకు తెలుసు. ఊకె కూసునే బదులు రెండు రోజులు ఆడుదమనుకున్న. భువనగిరి వచ్చేసరికి కొన్ని కర్బూజలు అమ్మి, పండుకొని, మూత పెట్టిన. హైదరాబాద్‌ల రూముకు పోయి నెట్‌కు కలపంగనే ల్యాప్‌టాప్ తన దగ్గరున్న పొలాన్ని క్లౌడ్‌కు, అంటే గేమ్ అమ్మిన స్టీమ్ అనే ఆన్‌లైన్ స్టోర్ సర్వర్లకు, ఎక్కించింది.

మళ్ల శనివారం హన్మకొండకు వచ్చి డెస్క్‌టాప్‌ల గేమ్ తెరిస్తే ఒక డబ్బా లేసింది. ఈ మెషీన్ల ఉన్న సేవ్ ఒకటి, క్లౌడ్‌ల ఉన్నది ఇంకోటి, రెండింటికి పొత్తు కుదుర్తలేదు, ఏది ఉంచమంటవు అని. కింద రెండు తేదీలు. ఒకటి ఆదివారం, ఒకటి సోమవారం. కొత్తదే మంచిది గదా అని సోమవారం మీద నొక్కిన. పొలం తెరుచుకుంది. గ్రీన్‌హౌస్ ఉండాల్సిన చోట పగిలిన అద్దాల కొట్టం నిలబడి ఉంది. అల్లుడు నా ఎనుకనే ఉన్నడు. ఏడ్వలే, లొల్లి పెట్టలే. చెప్పులేసుకొని బయటికి పోయిండు.

తప్పు నాదే. స్టోర్ అడిగింది, నేను జవాబు చెప్పిన. కాని ఆ అడిగిన తీరు మీదనే నా పంచాయితి అంతా. ఏది కొత్తది అన్నది ఒక ప్రశ్న, దేంట్ల ఎక్కువ పని ఉంది అన్నది ఇంకో ప్రశ్న. కంప్యూటర్‌కు మొదటిది ఒక్కటే తెలుసు. మనకు కావాల్సింది రెండోది.

ఆ రాత్రి బాపు వచ్చి, "పిల్లగాడు అన్నం తింటలేడు, ఏం పోగొట్టినవ్‌రా?" అని అడిగిండు. మా బాపు ముప్పై ఏండ్లు ఏనుమాముల మార్కెట్ల అడ్తి దుకాణంల గుమాస్తాగ చేసిండు. కంప్యూటర్ ముచ్చట్లు ఆయనకు రావు. చెప్పుడెందుకు, చూపిద్దమని సేవ్ ఫోల్డర్ తెరిచిన. స్టార్‌డ్యూ సేవ్ ఒక ఎక్స్‌ఎంఎల్ ఫైల్, అంటే నోట్‌ప్యాడ్‌ల పెడితే చదవొచ్చు. చదవొచ్చు అంటే, గుక్క తిప్పుకోకుంట ఒక్కటే పొడుగు వరుస. అండ్ల "మనీ" అని వెతికితే దొరికింది: 18,420. కొంచెం పక్కకు పోతే ఇప్పటిదాక సంపాదించిన మొత్తం ఇంకో అంకె. ఏ మడిల ఏ మొక్క ఉంది, ఎన్ని రోజులది, పెట్టెల ఏమున్నయి, అన్నీ ఉన్నయి.

బాపు అద్దాలు పెట్టుకొని వేలు స్క్రీన్ మీద ఆనిచ్చి చూసిండు. "ఇది నిల్వ. ఇది మొత్తం జమ. మరి పద్దులేవి?"

"పద్దులు రాయదు బాపూ. ఉన్నది ఉన్నట్టు రాసుకుంటది, అంతే."

"పద్దులు లేకుంట రెండు బుక్కులు ఎట్ల కలుపుతరు?"

నేను పన్నెండేండ్లుగ సాఫ్ట్‌వేర్‌ల పని చేస్తున్న. ఈ సమస్యను ఇంత పొట్టిగ ఎవలూ చెప్పంగ వినలే.

ఆయన అన్నదాన్ని కొంచెం విప్పి చెప్త. మిర్చి సీజన్ల మార్కెట్‌కు సరుకు పోటెత్తుతది. ఒక్క గుమాస్తాతోని కాదు. రెండు కాంటాల కాడ ఇద్దరు కూసుంటరు, రెండు చిట్టాలు నడుస్తయి. రైతు పేరు, బస్తాలు, తూకం, ధర, హమాలీ, దడ్వాయి (తూకమేసేటోని) కోతలు, తక్‌పట్టీ (రైతుకిచ్చే లెక్క చీటీ) నెంబర్. ఒక్కో పద్దు ఒక్కో వరుస. రాత్రికి రెండు చిట్టాలు ముందట పెట్టుకొని ఆవర్జాల, అంటే పెద్ద ఖాతా బుక్కుల, ఎక్కిస్తరు. ఏ చిట్టా ముందు ఎక్కించినా లెక్క ఒక్కటే వస్తది, ఎందుకంటే ఏ పద్దుకాపద్దు తన కాళ్ల మీద నిలబడతది. ఇద్దరూ చిట్టాలు రాయకుంట, సాయంత్రం గల్లాపెట్టెల ఎంత ఉందో ఆ ఒక్క అంకె రాసుకొని వస్తే? పొద్దున ఎంతతోని మొదలుపెట్టిన్రో తెలిస్తే పైసలవరకైనా తేడా తీసి కూడొచ్చు. కాని మా పొలంల ఉన్నయి పైసలొక్కటే కాదు గదా. ఒకే మడిల డెస్క్‌టాప్ కాడ నేను మిరప పెట్టి, రైల్ల అదే మడిల టమాట పెట్టిన అనుకోండ్రి. రెండు మొక్కలను ఎట్ల కూడుతరు? ఒక పొలంల తారీఖు 20, ఇంకో దాంట్ల 15. తారీఖులను కూడుతరా?

సేవ్ ఫైల్‌ను కలపరాదు. ఏరుకోవాల్సిందే. "సింక్" అనే మాట వినంగనే రెండూ కలిసిపోతయన్న భ్రమ పుడతది; లోపల జరిగేది ఒకదాన్ని ఉంచి ఇంకోదాన్ని పారేసుడు. ప్రోగ్రామర్లకు గిట్ ఉంది, 2005ల లినస్ టోర్వాల్డ్స్ చేసింది. అది ఇద్దరు రాసిన కోడ్‌ను వరుసవరుస పోల్చి కలుపుతది. ఒకే వరుసను ఇద్దరూ మారిస్తే అది గూడ చేతులెత్తేసి, నువ్వే చూసుకో అంటది. గిట్‌కే చేతగానిది గేమ్ స్టోర్‌కు ఎక్కడికెల్లి వస్తది?

నేను చెప్పదలుచుకున్నది ఇదే: సేవ్‌లను మోసే సాధనానికి తెలివి అక్కర్లేదు, ఏదీ పారేయని గుణం ఉంటే చాలు. ఏరుకునే పని మనిషిది.

ఇంటర్‌ల ఉన్నప్పుడు ఈ గొడవే లేకుండె. 2005, హన్మకొండ చౌరస్తా కాడి గల్లీల ఒక నెట్ సెంటర్. గంటకు 15 రూపాయలు. అందరం ఆడేది వైస్ సిటీనే. అండ్ల ఎనిమిదే సేవ్ గూళ్లు. నాలుగో నెంబర్ సిస్టం మీద ఎనిమిది గూళ్లను ఇరవైమంది పిల్లలు వాడుతుండె. సోమవారం నేను పెట్టుకున్న సేవ్ మీద బుధవారం ఎవలో ఒకలు తమది ఎక్కిస్తరు. పైంగ ఓనర్ ఒక సాఫ్ట్‌వేర్ ఏసిండు. సిస్టం బంద్ చేసి పెడితే అంతా మొదటికొస్తది. అప్పుడు మా దోస్తు ఒకడు మై డాక్యుమెంట్స్‌ల "జీటీఏ వైస్ సిటీ యూజర్ ఫైల్స్" అనే ఫోల్డర్ చూపించిండు. అండ్ల ఒక్కో సేవ్ సుమారు 200 కేబీ. ఫ్లాపీల ఏడు పడతయి, ఎనిమిదోది పట్టదు. అంగి జేబుల ఫ్లాపీ పెట్టుకొని ఏ సెంటర్‌కు పోయినా, కాజీపేట కాడిదైనా సుబేదారి కాడిదైనా, నా ఆట నాతోని వచ్చేది.

ఆ ఫ్లాపీ కాలంల గొడవ ఎందుకు రాలేదంటే, ఉన్నది ఒక్కటే కాపీ. ఒక్కటే ఉన్నప్పుడు ఏది అసలుదన్న ప్రశ్న పుట్టదు. కాని ఆ ఒక్కటి పోతే అన్నీ పోయినట్టే. పోయింది కూడ. వాన కాలంల జేబుల తడిసి, డ్రైవ్‌ల పెడితే కటకట చప్పుడు చేసి, ఫార్మాట్ చెయ్యమంటవా అని అడిగింది. ఒక్క కాపీ ఉంటే చావు భయం, పది కాపీలుంటే పంచాయితి భయం. అప్పటికెల్లి ఇప్పటిదాక సేవ్‌ల చరిత్ర అంతా ఈ రెండు భయాల నడుమ ఊగుడే. ఇంకా ఎనుకకు పోతే, టీవీకి తగిలించుకునే కేసెట్ గేములల్ల కాంట్రా, మారియోలకు సేవే లేదు. కరెంట్ పోతే మళ్ల మొదటికెల్లి. అప్పుడు రెండు భయాలూ లేవు, ఆశే లేదు గనుక.

ఇప్పటి సంగతికి వస్తే, ముందు సేవ్ ఎక్కడుందో దొరకాలె. విండోస్‌ల దీనికి ఒక పద్ధతి లేదు. కొన్ని గేములు డాక్యుమెంట్స్‌ల "మై గేమ్స్" కింద రాస్తయి, కొన్ని డాక్యుమెంట్స్‌లనే నేరుగ తమ పేరుతోని ఫోల్డర్ పెట్టుకుంటయి. విస్టా కాలంల మైక్రోసాఫ్ట్ "సేవ్డ్ గేమ్స్" అని ప్రత్యేకంగ ఒక ఫోల్డర్ ఇచ్చింది, దాన్ని పట్టించుకున్న గేములు తక్కువ. మిగిలినయి ఆప్‌డేటా అనే దాచిపెట్టిన ఫోల్డర్ల. అండ్ల మళ్ల మూడు గదులు: లోకల్ (Local), లోకల్‌లో (LocalLow), రోమింగ్ (Roaming). స్టార్‌డ్యూది రోమింగ్‌ల ఉంటది. హాలో నైట్‌ది లోకల్‌లోల. మైన్‌క్రాఫ్ట్ జావా ప్రపంచాలు దాని సొంత ఫోల్డర్ల, వాటికి క్లౌడే లేదు. స్టీమ్ డెక్ (చేతుల పట్టుకొని ఆడే చిన్న కంప్యూటర్) లెక్క, విండోస్ కాకుంట లైనక్స్ మీద నడిపిస్తే ఇదే విండోస్ చెట్టును ఇంకో ఫోల్డర్ లోపల మొత్తం నకలు తీసి పెడతది. ఈ చిరునామాలన్నీ పీసీగేమింగ్‌వికీల రాసి ఉంటయి, గేమ్ పేరు కొడితే చాలు. ఆ చిట్టా పట్టుకొని తనంతట తానే వెతికి బ్యాకప్ తీసే లుడుసావి అనే ఉచిత సాఫ్ట్‌వేర్ ఉంది. ఒక్కటే మెషీన్ ఉన్నోళ్లకు నేను చెప్పేది అదే, ఇంకేం వద్దు.

ఇంకోటి: ఒక సేవ్ అంటే ఒక ఫైల్ కాదు. స్టార్‌డ్యూల ఒక పొలానికి ఒక ఫోల్డర్, ఫోల్డర్ పేరే ఫైల్ పేరు. దాని పక్కన "సేవ్‌గేమ్‌ఇన్ఫో" అని చిన్న ఫైల్. మెనూల కనపడే పేరు, తారీఖు, పైసలు దాంట్లకెల్లే వస్తయి. రెండింటికీ నిన్నటి కాపీలు "ఓల్డ్" అనే తోకతోని. మొత్తం నాలుగు. వీటిల ఒకటి ఈ మెషీన్‌ది, ఇంకోటి ఆ మెషీన్‌ది అయితే మెనూల 20 తారీఖు చూపిస్తది, లోపలికి పోతే 15. పెండ్లి పత్రిక మీద ఒక ముహూర్తం, పంతులు దగ్గర ఇంకో ముహూర్తం ఉన్నట్టు. అందుకే ఎప్పుడు తీసినా, పెట్టినా నాలుగూ కలిపి, గేమ్ బంద్ చేసినంకనే. నా దసరా పొలానికి ఆ ఓల్డ్ కాపీలైనా మిగలకపోవుడానికి కారణం గూడ ఇదే, క్లౌడ్ నాలుగింటినీ ఒక్కసారే మార్చేసింది.

క్లౌడ్ మీద నాకు పగ లేదు. స్టీమ్ క్లౌడ్ 2008 నుంచి ఉంది. ఒక్క మనిషి, ఒక్క అకౌంట్, రెండు మెషీన్లు, సరిగ్గ నడిచే నెట్: ఈ నాలుగూ ఉంటే నూటికి తొంభైమందికి అది చాలు, ఈ వ్యాసం వాళ్లు ఇక్కడ్నే ఆపొచ్చు. దాని చిక్కు ఇంకోచోట ఉంది. ఏ గేమ్‌కు క్లౌడ్ ఉండాలన్నది ఆ గేమ్ చేసినోళ్ల ఇష్టం. అన్నిటికన్న ముఖ్యం, క్లౌడ్ అకౌంట్‌ది. పొలం మాది.

మా అల్లుడు ఉండేది జమ్మికుంటల, అక్క వాళ్లింట్ల. వాని దగ్గరున్నది వాని సొంత గేమ్, సేల్‌ల కొనిచ్చిన, వాని అకౌంట్ మీద. నా క్లౌడ్‌ల ఉన్న పొలం వాని దాంట్లకు రాదు. కాని ఫోల్డర్ తీసి చేతుల పెడితే హాయిగ తెరుచుకుంటది, స్టార్‌డ్యూ సేవ్‌కు అకౌంట్ ముద్ర లేదు. అన్ని గేములు ఇట్ల ఉండయి. ఎల్డెన్ రింగ్ సేవ్ స్టీమ్ నెంబర్‌కు కట్టేసి ఉంటది, ఇంకొకరి దగ్గర తెరుచుకోదు. ఇద్దరు కలిసి ఒక్కసారే ఆడే పద్ధతి స్టార్‌డ్యూల 2018 నుంచి ఉంది గదా అంటరేమో. ఉంది. కాని పొలం పిలిచినోని మెషీన్ల ఉంటది, వాడు తెరిస్తేనే మనం లోపలికి పోతం. వానికి బడి ఉన్నప్పుడు నాకు తీరిక, నాకు మీటింగ్ ఉన్నప్పుడు వానికి సెలవు.

సేవ్‌ను పూర్తిగ సర్వర్‌ల పెట్టుకునే గేములు ఇంకో దారి. వాటికి సింక్ గొడవ లేదు. పబ్‌జీ మొబైల్ ఆడినోళ్లకు తెలుసు: 2020 సెప్టెంబర్ 2న నిషేధం వచ్చింది, అక్టోబర్ 30న ఇక్కడ సర్వర్లు బంద్ అయినయి. 2021 జులైల అదే ఆట బీజీఎంఐ అనే కొత్త పేరుతోని వచ్చి, పాత అకౌంట్ సామాన్లు తెచ్చుకోనిస్తమని కొన్నాళ్లు తలుపు తెరిచి పెట్టిన్రు. తెరిచిన్రు కాబట్టి వచ్చినయి. అడిగే హక్కు మాత్రం ఎవలికీ లేకుండె, ఎందుకంటే ఫైల్ ఎవలి చేతులా లేదు.

గ్రీన్‌హౌస్ పోయినంక నేను పట్టుకున్నది సింక్‌థింగ్. 2013 నుంచి ఉన్న ఉచిత, ఓపెన్ సోర్స్ సాఫ్ట్‌వేర్. నడుమ కంపెనీ లేదు, అకౌంట్ లేదు. ఒక్కో మెషీన్‌కు ఒక పొడుగాటి ఐడీ వస్తది. నా ఐడీ నీకు, నీ ఐడీ నాకు ఇచ్చుకొని, ఈ ఫోల్డర్ పంచుకుందమని ఇద్దరం ఒప్పుకుంటే అయిపాయె. ఒకే ఇంట్ల ఉంటే నెట్ లేకున్నా వైఫై మీదనే మాట్లాడుకుంటయి. డీజే బండి మళ్ల వచ్చినా నాకు బాధ లేదు. ఫైల్‌ల మారిన ముక్కలనే పంపుతది. ఇద్దరు ఒకరిది ఒకరు చూడకుంట మారిస్తే అడగదు, పారేయదు. ఒకదానికి పేరు మార్చి పక్కన పెడతది. నాకు కావాల్సిన గుణం అదే.

వాడుతుంటే రెండు లోతులు తెలిసినయి. ఒకటి, పాత కాపీలు దాచే వసతి. దాన్ని మనమే ఆన్ చెయ్యాలె, తనంతట తాను ఉండదు. నేను పెట్టుకున్న పద్ధతి మొదటి గంటల అరనిమిషానికొకటి, మొదటి రోజు గంటకొకటి, నెల దాక రోజుకొకటి, అటెన్క వారానికొకటి దాస్తది. బాగుందనుకుంటం. కాని అది దాచేది అవతలి మెషీన్ నుంచి వచ్చిన మార్పు మీదపడి మార్చేసిన ఫైళ్లనే. నా మెషీన్ మీద నేను చేసిన ఆగానికి నా దగ్గర కాపీ ఉండదు, అవతలోని దగ్గర ఉంటది. చానామంది ఒక్క దిక్కే ఆన్ చేసుకొని నిమ్మలంగ ఉంటరు. రెండు దిక్కులా చెయ్యాలె.

రెండోది, నడుమ కంపెనీ లేదంటే నడుమ కాపలాదారు గూడ లేడని అర్థం. హైదరాబాద్‌ల నేను బంద్ చేసినంక జమ్మికుంటల వాడు ఆన్ చేస్తే, ఇద్దరికి ఎదురుపడుడే ఉండదు. ఎప్పుడూ మేలుకొని ఉండే మూడో మెషీన్ కావాలె. హన్మకొండ ఇంటి అటక మీద స్క్రీన్ పగిలిన పాత ల్యాప్‌టాప్ ఉండె. దించి, దుమ్ము దులిపి, రూటర్ పక్కన పెట్టి సింక్‌థింగ్ ఎక్కించిన. బ్యాటరీ ఇంకో అరగంట ఆగుతది, కరెంట్ పోయినా రూటర్ ఇన్వర్టర్ మీద నడుస్తది. "రాత్రీపగలు నడుస్తదా? నెలకు ఎన్ని యూనిట్లు?" బాపు మొదటి మాట అదే. మీటర్ పెట్టి చూసిన: 13 వాట్లు. నెలకు తొమ్మిది, పది యూనిట్లు. "సరే, ఉండనియ్యి" అన్నడు. ఆయన ఒప్పుకున్నంకనే అది ఇంటిదైంది.

నాలుగు నెలలు బాగ నడిచింది. తర్వాత ఒక శనివారం పొద్దున అల్లుడు ఫోన్ చేసిండు. "మామా, నిన్న నేను ఆడింది కనపడ్తలేదు. మళ్ల పోగొట్టినవా?" ఆ "మళ్ల" అన్న మాట ఇప్పటికీ చెవుల ఉంది.

జరిగింది ఇది. శుక్రవారం రాత్రి వాళ్లింట్ల నెట్ లేకుంట వాడు మూడు రోజులు ఆడిండు. అదే రాత్రి నేను అడగకుంట హైదరాబాద్‌ల ఒక రోజు ఆడిన. శనివారం వాని సిస్టం నెట్‌కు కలవంగనే గొడవ బయటపడ్డది. ఇక్కడ సింక్‌థింగ్ లోపలి సంగతి ఒకటి చెప్పాలె. ఎవలు ఎవలి తర్వాత అన్నది అది గడియారం చూసి తేల్చదు. ఒక్కో మెషీన్‌కు ఒక లెక్క పెట్టుకుంటది, తక్‌పట్టీ బుక్కుల వరుస నెంబర్ లెక్క. నీ కాపీ నా 41వ మార్పును చూసినంకనే మారింది అంటే నీదే తర్వాతది, గడియారం ఏమన్నా చెప్పనియ్యి. వేరువేరు మెషీన్ల గడియారాలను నమ్మి ముందువెనుకలు తేల్చరాదని లెస్లీ లాంపోర్ట్ అనే కంప్యూటర్ శాస్త్రవేత్త 1978లనే రాసిండు. కాని ఇద్దరూ ఒకరిది ఒకరు చూడకుంట మార్చినప్పుడు ఆ లెక్క చేతికి రాదు. ఏదో ఒకటి అసలు పేరు మీద ఉండాలె గదా. అప్పుడు మాత్రం ఫైల్ మారిన టైం చూస్తది. పాత టైం ఉన్నదాని పేరుకు "సింక్-కాన్‌ఫ్లిక్ట్" అని, తేదీ, ఏ మెషీన్‌ల మారిందో గుర్తు తగిలించి పక్కన పెడతది.

వాడు ఆడింది మూడు రోజులు, నేను ఆడింది ఒక్కటి. అయినా వానిదే పక్కకు పోయింది. ఫైల్ ప్రాపర్టీస్ చూస్తే మారిన తేదీ 2009 జనవరి. అల్లుడు అప్పటికి పుట్టనే లేదు.

వాని సిస్టం అక్క పెండ్లప్పటిది. మదర్‌బోర్డ్ మీద రూపాయి బిళ్లంత సెల్లు ఉంటది, సీఆర్ 2032. 20 మిల్లీమీటర్ల వెడల్పు, 3.2 మందం, ఆ నెంబర్ అర్థమదే. కరెంట్ లేనప్పుడు గడియారాన్ని నడిపించేది అది. అది చచ్చిపోతే స్విచ్ బంద్ చేసిన ప్రతిసారి సిస్టం తన చిన్నతనానికి పోతది. బ్రౌజర్ "మీ గడియారం ఎనుక ఉంది" అని చెప్తనే ఉందట, వాడు మూసేస్తనే ఉన్నడట. ఆ ఆదివారం జమ్మికుంట స్టేషన్ కాడ గడియారాలు బాగుచేసే దుకాణంల 40 రూపాయలకు సెల్లు కొన్న. సైడు డబ్బా తీసి పాతది పీకుతుంటే వాడు టార్చ్ పట్టుకున్నడు. కొత్తది పెట్టి, టైం సరిచేసి, రెండు దిక్కులా గేమ్ బంద్ చేసి, కాన్‌ఫ్లిక్ట్ ఫైళ్లు నాలుగూ ఒక్కొక్కటిగ పాత పేర్లకు మార్చిన. నా ఒక్క రోజు పని ఇంకో ఫోల్డర్ల దాచిన. గేమ్ తెరిస్తే వాని మూడు రోజులు ఉన్నయి, వాడు పెట్టిన బెండకాయంత మొలక... కాదు, గేమ్‌ల బెండకాయ లేదు, మిరప. మిరప మొలకలు ఉన్నయి.

దసరాకు, ఈసారికి తేడా చూడండ్రి. రెండుసార్లూ మెషీన్ తప్పు దాన్నే ముందట పెట్టింది. మొదటిసారి తప్పుకు మందు లేదు. రెండోసారి 40 రూపాయలు, అరగంట. తెలివైన సాధనం కాదు నాకు కావాల్సింది అని ముందు అన్నది అందుకే.

ఒక్క ఆట కోసం ఇంత తిప్పలెందుకు అని మా ఆఫీసుల ఒకాయన నవ్విండు. ఆయనకు హైదరాబాద్‌ల మూడు ఫోన్లల్ల ఒకే ఫొటోలు నాలుగు నాలుగుసార్లు ఉన్నయి, అవి ఎందుకని నేను అడగలే. మా పొలం వయసు ఇప్పుడు గేమ్ లెక్కల రెండేండ్లు దాటింది, 224 రోజులు, అంటే యాభై గంటల పైన. వాడు ఎనిమిదో తరగతి నుంచి పదో తరగతికి వచ్చిన కాలం అది. వాడు నాతోని మాట్లాడేది ఎక్కువ దాని గురించే. వేరే ముచ్చట్లు దాని నడుమల నడుమల వస్తయి.

ఇన్ని చేసినా ఒక పని మిగిలింది. ఇద్దరూ ఒక్కసారే ఎక్కకుంట ఆపుడు. దానికి తాళం లాంటి సాఫ్ట్‌వేర్ రాద్దమనుకున్న, రెండు వారాంతాలు పట్టింది, అది రెండుసార్లు తనకు తానే తాళం ఏసుకుంది. బాపు చూసి చూసి ఒక పొడుగు ఖాతా బుక్కు తెచ్చి డెస్క్‌టాప్ పక్కన పెట్టిండు, ఎర్ర బట్ట అట్టది. స్కేలు పెట్టి గళ్లు కొట్టిండు: తేదీ, ఎక్కినోని పేరు, ఊరు, ఆట దినం, నిల్వ, చేసిన పని, దిగిన టైం. ఎక్కేముందు ఒక ఫోన్, దిగినంక ఒక ఫోన్, ఇద్దరం ఆయనకే. గేమ్ రాయని పద్దులు ఆయన రాస్తడు. ఏ ఫైల్ ఎవలిది, దేంట్ల ఎంత పని ఉంది అని ఇప్పుడు ప్రాపర్టీస్ చూసుడు లేదు, బుక్కు తిరగేసుడే.

మొన్న శనివారం రాత్రి తొమ్మిదింటికి ఫోన్ చేసిన. "బాపూ, ఎక్కుత."

పేజీ తిప్పిన చప్పుడు. "ఆగు. పిల్లగాడు ఇంకా దిగలే. ఆవులకు గడ్డి ఎయ్యలేదంట. తొమ్మిదిన్నరకు చెయ్యి."